చెరో చెయ్యి

హలో... వినిపిస్తోందా అండీ? నా గొంతు అందుతోందా? బాగున్నారా అందరూ? చేతిలో పనుంటే చేసుకుంటూనే వినండి, నేనేమీ అనుకోను. పెద్ద కథేం కాదు. ఒక లిఫ్టు మెకానిక్కు, వాళ్ళ బావ, అరచేతిలో పట్టేంత ఆటల డబ్బా. కాస్త నీరసంగా మొదలవుతుంది, ఆ మాట ముందే చెప్పేస్తున్నాను. ఎందుకంటే ఆ మెకానిక్కు అప్పటికే బాగా అలసిపోయి ఉన్నాడు.

అతనికి యాభై మూడేళ్ళు. ముప్పై ఏళ్ళుగా లిఫ్టులు బాగుచేస్తున్నాడు. లిఫ్టు ఆగిపోతే జనం తిట్టేది అతన్నే, నడుస్తున్నంత కాలం అతనెవరో ఎవరికీ గుర్తుండదు. ఇంటా బయటా అందరూ "లిఫ్టూ" అనే పిలుస్తారు. వారానికి మూడు రోజులు, పొద్దున ఐదున్నరకల్లా స్కూటరు మీద అక్క ఇంటికి వెళ్ళి, బావని వెనక కూర్చోబెట్టుకుని, ఆరింటికి ఆసుపత్రి రెండో అంతస్తులో ఉన్న డయాలసిస్ గదికి చేర్చాలి. బావకి మూత్రపిండాలు రెండూ పనిచేయడం మానేశాయి. చేతికి రెండు సూదులు గుచ్చి, రక్తాన్ని మెషీన్లోకి లాగి, శుభ్రం చేసి మళ్ళీ ఒంట్లోకి పంపిస్తారు. నాలుగు గంటల పని. అది అయ్యాక బావని ఇంటి దగ్గర దింపి, పదిన్నరకి డ్యూటీకి పరిగెత్తాలి. ఏడాదిన్నరగా ఇదే వరస.

తిరగడం కష్టం కాదు. బావ నాలుగు గంటలు కూర్చోడు. అదీ అసలు గొడవ.

బావ బస్సు కండక్టరుగా చేసి రిటైరయ్యాడు. ముప్పై నాలుగేళ్ళు కదిలే బస్సులో నిలబడి బతికిన మనిషి. అలాంటి మనిషిని కుర్చీలో కట్టేసినట్టు కూర్చోబెడితే ఎంతసేపని ఓర్చుకుంటాడు? మూడో గంట వచ్చేసరికి పిక్కలు పట్టేస్తాయి. నోరెండిపోతుంది. ఒంట్లో సత్తువంతా ఎవరో తడిగుడ్డని పిండినట్టు పిండేస్తారు. అప్పుడు నర్సుని పిలుస్తాడు.

"ఇక చాలమ్మా, తీసెయ్యి."

"ఇంకా గంటుందండీ."

"ఆ గంట నువ్వుంచుకో. పండక్కి వాడుకో."

నర్సు మాత్రం ఏం చేస్తుంది? ఒక కాగితం తెస్తుంది. 'నా ఇష్టప్రకారమే ముందుగా ఆపించుకుంటున్నాను, ఏం జరిగినా బాధ్యత నాదే' అని అందులో ఉంటుంది. బావ కుడిచేత్తో గీకిపారేస్తాడు. కింద సాక్షి సంతకం, తోడు వచ్చినవాళ్ళు పెట్టాలి. అక్కడ మెకానిక్కు చెయ్యి ఆగిపోయేది. డాక్టరు అతన్ని ఒకసారి వరండాలోకి పిలిచి సూటిగా చెప్పాడు మరి.

"వచ్చిన ప్రతిసారీ గంట ఎగ్గొడితే తీయాల్సిన నీళ్ళు ఒంట్లోనే ఉండిపోతాయి. ఏదో ఒకరోజు ఊపిరితిత్తుల్లోకి చేరతాయి. ఆ గుండె ఎంతకాలం మోస్తుంది చెప్పండి? మీరేం చేస్తారో నాకు తెలీదు, నాలుగు గంటలు కూర్చోబెట్టండి. మందులకన్నా అదే ముఖ్యం."

ఏం చేస్తాడు? బతిమాలాడు, కసిరాడు, రెండు రోజులు మాట్లాడ్డం మానేశాడు. "ఒరేయ్ లిఫ్టూ, నీ లిఫ్టులో ఒక గంట ఇరుక్కుంటేనే జనం తలుపులు బాదేస్తారు. నేను వారానికి పన్నెండు గంటలు ఇరుక్కుంటున్నాను" అన్నాడు బావ.

ఇంటికి వెళ్ళగానే అక్క గుమ్మంలోనే అడిగేది. "ఎంతసేపు?"

"మూడుంపావు."

"ఊఁ" అనేసి లోపలికి వెళ్ళిపోయేది. వంటింటి గట్టు మీద అరలీటరు సీసా ఒకటుండేది. బావ రోజంతా తాగాల్సిన నీళ్ళు అవే. దాన్ని అక్క పొద్దునే నింపి పెడుతుంది, ఆయన రహస్యంగా కుళాయి తిప్పుతాడేమోనని చెవి ఒకటి ఎప్పుడూ అటే వేసి ఉంచుతుంది. ఆ చెవితోనే నిద్రపోతుంది కూడా.

ఇలా ఉండగా, ఒక అపార్టుమెంటులో లిఫ్టు తలుపు సరిచేస్తుంటే, ఫ్లాటు ఖాళీ చేస్తున్న ఓ అమ్మాయి అట్టపెట్టెలు దింపుతూ వచ్చి, "అంకుల్, ఇది తీసుకోండి, పెట్టెల్లో చోటు లేదు" అని ఒక సంచి చేతిలో పెట్టింది. చూస్తే పాతకాలం వీడియో గేము డబ్బా. కాదు, దాని పిల్ల. అప్పటి డబ్బాని అచ్చుగుద్దినట్టు బుల్లిది చేసి మళ్ళీ అమ్ముతున్నారట. సబ్బుపెట్టె కన్నా కాస్త పెద్దది, అంతే. లోపల ఇరవై ఆటలు ముందే వేసి ఉన్నాయి. టీవీకి ఒక వైరు, కరెంటుకి ఒక వైరు, ఆడుకునే రిమోటు ఒకటి.

మెకానిక్కుకి పాత సంగతి గుర్తొచ్చింది. బావకి పెళ్ళైన కొత్తలో, ట్రిప్పుకీ ట్రిప్పుకీ మధ్య అరగంట దొరికితే చాలు, బస్టాండు పక్కన వీడియో గేముల కొట్లో దూరిపోయేవాడు. అక్క ఇచ్చిన క్యారేజీ పట్టుకుని తను వెతుక్కుంటూ వెళితే, "ఉండరా, ఇంకొక్క ప్రాణముంది" అని తల తిప్పకుండా అనేవాడు. అన్నం చల్లారిపోయేది.

ఆ డబ్బాని డయాలసిస్ గదికి పట్టుకెళ్ళాడు. కుర్చీల ఎదురుగా గోడకి ఒక టీవీ ఉంది, ఎవరూ చూడని ఛానలొకటి శబ్దం లేకుండా తిరుగుతూ ఉంటుంది. నర్సు సరే అంది. తగిలించాడు. బావ మొహంలో ఏదో కదిలింది కూడా. రిమోటు చేతిలోకి తీసుకున్నాడు.

అరనిమిషం కూడా పట్టలేదు. సూదులున్నది ఎడమచేతికి. ఆ చెయ్యి కదిపితే మెషీను కుయ్యిమని అరుస్తుంది. మిగిలింది కుడిచెయ్యి ఒక్కటే. రిమోటుకి ఎడమవైపు నడిపే మీట, కుడివైపు దూకే బొత్తాలు.

"నడిపితే దూకలేను, దూకితే నడవలేను. బుద్ధుందట్రా నీకు? ఒంటిచేతి వాడికి రెండు చేతుల ఆట తెస్తావా? రేపు ఈతకి కూడా తీసుకెళ్ళు."

మెకానిక్కు వైరు చుట్టేద్దామని లేచాడు.

"ఇటు జరపండి దాన్ని" అని పక్క కుర్చీలోంచి వినిపించింది.

ఆ కుర్చీలో కూర్చునేది ఒక లెక్కల టీచరమ్మ. ఉద్యోగం మానేసి చాలా ఏళ్ళయింది. ఎనిమిది నెలలుగా పక్కనే ఉంటున్నా ఎవరితోనూ మాట్లాడింది లేదు. ఒక్కతే ఆటోలో వస్తుంది, గోడవైపు మొహం తిప్పుకుంటుంది, నాలుగు గంటలయ్యాక ఒక్కతే వెళ్ళిపోతుంది. ఆవిడకి సూదులు కుడిచేతికి.

"నా ఎడమచెయ్యి ఖాళీగానే ఉంది కండక్టరుగారూ" అంది.

రెండు కుర్చీల మధ్య మందులు పెట్టుకునే చిన్న బల్ల ఉంది. మెకానిక్కు రిమోటుని దాని మీద పెట్టి, జారకుండా టేపు అతికించాడు. బావ కుడిచెయ్యి నడిపే మీట మీదికి సరిగ్గా వచ్చింది. టీచరమ్మ ఎడమచెయ్యి దూకే బొత్తం మీదికి వచ్చింది. ఎవరో కొలిచి కుట్టినట్టు.

వాళ్ళు ఎంచుకున్న ఆట ఒక లాంతరు మనిషిది. ఇరవై అంతస్తుల పాడుబడ్డ మేడ. వేలెడంత మనిషి లాంతరు పట్టుకుని పైకి ఎక్కాలి. దారిలో మెట్లు విరిగి ఉంటాయి, గబ్బిలాలు వస్తాయి, నేల ఊడిపోతుంది. నర్సు చూసి, "అందులో లిఫ్టు లేదాండీ?" అని మెకానిక్కుని ఏడిపించింది.

"దూకండి టీచరమ్మా, దూకండి!"

"ఇంకా అంచు రాలేదు."

"వచ్చింది! వచ్చిందంటుంటే! అదిగో, పడ్డాడు."

"మీరు ఆపలేదు, పడ్డాడు. నా వైపు తప్పేం లేదు."

"ముప్పై నాలుగేళ్ళు జనాన్ని ఎక్కించి దింపానమ్మా. నా బస్సులోంచి ఒక్కడు పడలేదు."

"డ్రైవరు మంచివాడై ఉంటాడు."

బావకి నవ్వొచ్చింది. చెయ్యి కదిలింది, మెషీను కుయ్యిమంది, నర్సు పరిగెత్తుకొచ్చింది. "నవ్వండి కానీ ఆ చెయ్యి నవ్వకూడదు" అని హెచ్చరించి పోయింది.

మెల్లగా ఇద్దరికీ ఒక ఒప్పందం కుదిరింది. అంచు దగ్గరికి రాగానే బావ "రైట్!" అంటాడు, ఆవిడ నొక్కుతుంది. ఆవిడ "ఆగాలి" అంటే ఈయన ఆపుతాడు. ఆ రోజు నర్సు వచ్చి మెషీను ఆపుతుంటే, "అప్పుడే తీసేస్తున్నావేంటి?" అన్నాడు బావ. నాలుగు గంటలు అయిపోయాయి.

ఆ తరవాత రెండు వారాలు సంతకం కాగితం రాలేదు. అక్క గుమ్మంలో నిలబడి "ఎంతసేపు?" అంటే "నాలుగు" అన్నాడు మెకానిక్కు. అక్క నమ్మలేనట్టు చూసి, అక్కడే గుమ్మం మీద కూర్చుండిపోయింది. కాళ్ళు చాపుకుంది. ఆవిడ అలా కూర్చోగా చూసి ఎన్నాళ్ళయిందో.

ఇక్కడే మన మెకానిక్కు ఒక పని చేశాడు. చెడ్డ ఉద్దేశంతో కాదు. అతని వృత్తే అలాంటిది.

బావ స్కూటరెక్కిన దగ్గర్నించి ఇంటిదాకా వెనక కూర్చుని సణుగుతూనే ఉండేవాడు. "దూకే బొత్తం నా చేతిలో ఉంటేనా, ఈపాటికి పైకప్పు మీదుండేవాణ్ణి. ఆవిడ ప్రతిదానికీ లెక్క వేస్తుందిరా. ఇవాళ నాకు మార్కులు కూడా వేసింది, నూటికి ముప్పై ఒకటి! ఒంటిచేత్తో ఆడేవి దొరకవట్రా? నీకు తెలీని బోర్డు లేదంటావు, ఏదో ఒకటి చెయ్యరాదూ."

ముప్పై ఏళ్ళుగా ఫిర్యాదు వినపడిన చోట పానా తీయడం అతనికి అలవాటు. తలుపు చప్పుడు చేస్తోందంటే తలుపు బాగుచేస్తాడు, మీట నొక్కుకోవడం లేదంటే మీట మారుస్తాడు. బావ ఫిర్యాదు చేశాడు కాబట్టి అది బాగుచెయ్యాలి. పైగా లోపల ఒక భయం కూడా ఉంది. ఇరవై ఆటలే కదా, అవి మొహం మొత్తితే? మళ్ళీ ఆ కాగితమే కదా?

వేరే ఊళ్ళో ఉద్యోగం చేసే మేనకోడలికి ఫోను చేస్తే, "అందులో ఇంకా ఆటలు ఎక్కించొచ్చు మావయ్యా, కంప్యూటరుకి తగిలించి. ఆ పాత డబ్బాలంటే పిచ్చి ఉన్నవాళ్ళు ఇప్పటికీ కొత్త ఆటలు రాసి ఊరికే పెడుతున్నారు, నెట్‌లో వెతుకు. కానీ చూసుకో, తేడా వస్తే డబ్బా ఇక పనిచెయ్యదు, రాయైపోతుంది" అంది.

ఆదివారం మధ్యాహ్నం భోజనాల బల్ల మీద దుకాణం తెరిచాడు. లిఫ్టు బోర్డుల్లో లోపాలు చదవడానికి కంపెనీ ఇచ్చిన పాత లాప్‌టాప్ ఒకటుంది. డబ్బాని వైరుతో దానికి తగిలించి, రీసెట్ బొత్తం నొక్కిపట్టుకుని కరెంటు మీట వెయ్యాలి. వేశాడు. లాప్‌టాప్ ఉలకలేదు. మళ్ళీ నొక్కాడు. పలకలేదు. చీకటి పడేదాకా నొక్కుతూనే ఉన్నాడు, బొటనవేలు వాచింది. మర్నాడు డ్యూటీలో నిచ్చెన మీద ఉండగా తట్టింది, ఆ వైరు చార్జింగు వైరు. పైకి చూస్తే అన్ని వైర్లూ ఒకటే. లోపల రెండు తీగలే ఉంటే కరెంటు మాత్రం పోతుంది, మాట పోదు. తన బుర్ర మీద తనే ఒక మొట్టికాయ వేసుకున్నాడు.

వైరు మార్చగానే లాప్‌టాప్ డబ్బాని గుర్తుపట్టింది. అప్పుడు ముందుగా ఒక పని చేశాడు. అతనికి పని నేర్పిన పెద్దమేస్త్రీ, 'బోర్డు ముట్టుకునే ముందు ఉన్నది ఉన్నట్టు కాపీ తీసుకోని వాడు నా దగ్గర పనికి రావద్దు' అనేవాడు. డబ్బాలో ఉన్నదంతా, వాళ్ళ లాంతరు మనిషి ఎక్కడ ఆగాడో దానితో సహా, కాపీ తీసి పక్కన దాచాడు.

ఆ తరవాత నాలుగైదు సాయంత్రాలు అదే పని. నడిపే మీట ఒక్కదానితో ఆడగలిగేవి వెతికాడు. పైనుంచి రాలే పళ్ళని బుట్టలో పట్టేది, చీమని సందుల్లోంచి నడిపేది, తెడ్డు లేని పడవని రాళ్ళకి తగలకుండా తిప్పేది. దొరికిన ప్రతిదాన్నీ ఎడమచెయ్యి తొడ కింద పెట్టుకుని, కుడిచేత్తో ఆడి చూశాడు.

భార్య వచ్చి నిలబడింది. "ఆ చెయ్యికేమైంది?"

"బావకి కదా. పరీక్ష చేస్తున్నా."

"గీజరు పాడై మూడు నెలలైంది. దానికి రాని చెయ్యి దీనికి వచ్చిందే."

"గీజరుకి రెండు చేతులూ కావాలే."

"అలాగే. చన్నీళ్ళు పోసుకోడానికి నాకు ఒకటి చాలులే" అని ఆవిడ వెళ్ళిపోయింది.

మొత్తం నలభై మూడు కొత్త ఆటలు ఎక్కించాడు. డబ్బాని మళ్ళీ డయాలసిస్ గదికి పట్టుకెళ్ళి, బల్ల మీది టేపు ఊడదీసి, రిమోటుని బావ ఒళ్ళో పెట్టాడు.

"ఇదిగో బావా. అన్నీ ఒంటిచేతివే. ఇక ఎవరి మీదా ఆధారపడక్కర్లేదు."

బావ కళ్ళు మెరిశాయి. "శెభాష్‌రా లిఫ్టూ!" అన్నాడు. అని పక్కకి చూశాడు.

టీచరమ్మ ఖాళీ బల్ల మీంచి చెయ్యి వెనక్కి తీసుకుంది. "మంచిదేగా. మీకు హాయి" అని, కాసేపు టీవీ చూసి, గోడవైపు తిరిగిపోయింది.

బావ పళ్ళు పట్టాడు. చీమని నడిపాడు. పడవ తిప్పాడు. ప్రతిదీ పది నిమిషాలు. "ఇదీ ఇంతేనా", "ఇదేంటి, పడ్డా ఏం కాదు" అనుకుంటూ ఆటల పట్టీ పైకీ కిందకీ తిప్పుతూ కూర్చున్నాడు. పడితే తిట్టేవాళ్ళు లేరు, నిలబడితే ఒప్పుకునేవాళ్ళు లేరు. మూడు గంటలు కావడానికి పది నిమిషాలు ఉందనగా రిమోటు పక్కన పెట్టేశాడు.

"అమ్మా, తీసెయ్యి."

కాగితం వచ్చింది. మెకానిక్కు సంతకం పెట్టాడు. కొత్త కదా, అలవాటవుతుందిలే అనుకున్నాడు. రెండోసారీ అంతే. మూడోసారి నర్సు రెండు కాగితాలు తెచ్చింది.

"రెండెందుకమ్మా?"

"టీచరమ్మగారు కూడా తీసెయ్యమంటున్నారు. కాళ్ళు లాగుతున్నాయట. ఆవిడకి సాక్షి ఎవరూ లేరు, మీరే పెట్టేద్దురూ."

మెకానిక్కు టీచరమ్మ వైపు చూశాడు. ఆవిడ గోడవైపే తిరిగి ఉంది. కానీ ఆవిడ ఎడమచెయ్యి బల్ల మీద ఉంది. టీవీలో బావ వదిలేసిన పడవ దానంతట అది రాళ్ళకి కొట్టుకుంటోంది. టేపు జిగురు మిగిలిన చోట ఆవిడ బొటనవేలు నెమ్మదిగా నొక్కుతోంది, వదులుతోంది. అప్పటికి అతనికి అదేమిటో అర్థం కాలేదు. రెండు కాగితాల మీదా సంతకం పెట్టాడు.

ఆ ఆదివారం మధ్యాహ్నం అక్క ఫోను చేసింది. బావ పడుకోలేకపోతున్నాడు. పడుకుంటే ఊపిరి అందడం లేదు, కూర్చుంటే కొంచెం అందుతోంది. మెకానిక్కు వెళ్ళేసరికి మంచం అంచున రెండు చేతులూ ఆనించి, నోరు తెరుచుకుని, పైకి ఈదుతున్న మనిషిలా ఉన్నాడు. డాక్టరు చెప్పిన ఆ రోజు రానే వచ్చింది. ఆటోలో తీసుకెళ్ళారు. ముక్కుకి గాలి గొట్టం పెట్టి, సెలవురోజైనా మెషీను తెరిపించి, ఎక్కించారు.

బయట బెంచీ మీద అక్కాతమ్ముడూ కూర్చున్నారు.

"తమ్ముడూ, ఇంక నిన్ను ఎంతసేపని అడగనురా."

"అదేంటక్కా."

"అడిగి అడిగి నాకే విసుగొచ్చింది. నువ్వు చెప్పలేక తల దించుకోవడం చూడలేకపోతున్నా. నాకూ ఓపిక లేదు, నీకూ లేదు. ఆయనకి ముందే లేదు." కొంగుతో మొహం తుడుచుకుంది. ఏడవలేదు. ఏడుపుకి కూడా ఓపికుండాలి. "ఆ రెండు వారాలు ఎంత బాగుందో. ఏం చేశావురా అప్పుడు?"

మెకానిక్కు తనలో తనే లెక్క వేసుకున్నాడు. ఏం చేశాను? ఆటల డబ్బా తెచ్చాను. ఇప్పుడూ అదే డబ్బా ఉంది, ఇంకా మూడింతలు ఆటలున్నాయి. మరి ఏది తగ్గింది?

ఎదురుగా ఆసుపత్రి లిఫ్టు ఉంది. తలుపు మూసుకుని పైకి పోయింది. అతని చెవి అలవాటుకొద్దీ దాని వెంట వెళ్ళింది. పెట్టె పైకి వెళుతుంటే, గోడ వెనక ఇనప బరువు కిందకి జారుతున్న సన్నటి గరగర. లిఫ్టెక్కినవాళ్ళు మోటారే తమని మోస్తోందనుకుంటారు. కానీ వెనక ఆ ఎదురు బరువు లేకపోతే ఏ మోటారూ రోజంతా మొయ్యలేదు. కనిపించదు, ఎవరూ అడగరు. దాన్ని ఊడదీసే మెకానిక్కు ఈ లోకంలో ఉండడు.

టీచరమ్మ బొటనవేలు గుర్తొచ్చింది.

"నేనే తీసేశానక్కా" అన్నాడు మెల్లగా.

"ఏమిటి?"

"ఏం లేదు. మంగళవారం చూద్దాం."

సోమవారం సాయంత్రం లాప్‌టాప్ తెరిచాడు. ఐదు సాయంత్రాల కష్టం, నలభై మూడు ఆటలు, అన్నీ తుడిచేశాడు. దాచిన పాత కాపీని తిరిగి ఎక్కించాడు. టీవీకి తగిలించి చూస్తే లాంతరు మనిషి పన్నెండో అంతస్తులో, విరిగిన మెట్టు అంచున, లాంతరు ఊపుకుంటూ అలాగే నిలబడి ఉన్నాడు. పెద్దమేస్త్రీకి మనసులోనే దండం పెట్టుకున్నాడు. ఇరవయ్యో అంతస్తు తరవాత ఏంటన్న ఆలోచన వచ్చింది. ఇంకోసారి వెతికి, ఒకే ఒక్క కొత్త ఆట ఎక్కించాడు. పాత రైలింజను ఆట. నడిపేవాడొకడు, ఆగకుండా బొగ్గు వేస్తుండేవాడొకడు. ఒంటిచేత్తో ఒక్క స్టేషన్ కూడా దాటదు. మొత్తం రెండు వందల స్టేషన్లు.

మంగళవారం పొద్దున బావ చాలా నీరసంగా ఉన్నాడు. స్కూటరు మీద ఒక్కమాట సణగలేదు. మెకానిక్కుకి అదే భయమేసింది. సూదులు గుచ్చాక రిమోటుని మళ్ళీ బల్ల మధ్యలో పెట్టి టేపు వేశాడు.

"ఇదేంటి? నా ఆటలేవి?"

"పోయాయి బావా. ఏదో తేడా చేసింది."

"నలభై మూడూ?"

"నలభై మూడూ. పాతవే మిగిలాయి."

బావ అతని మొహంలోకి చూశాడు. ముప్పై నాలుగేళ్ళు టికెట్టు లేనివాడి మొహం పట్టేసిన కళ్ళు అవి. "నీ చేతిలో లిఫ్టులెలా నడుస్తున్నాయిరా" అన్నాడు. అంతకుమించి అడగలేదు. పక్క కుర్చీకి వినపడేలా గొంతు సవరించుకున్నాడు.

"టీచరమ్మా. మనవాడు పన్నెండులోనే నిలబడి ఉన్నాడు."

ఆవిడ కదల్లేదు. "మీకు ఒంటిచేతివి ఉన్నాయిగా."

"పోయాయట. మా బావమరిది పనితనం."

"మొన్న ఊపిరాడలేదని విన్నాను."

"ఆడుతోందిగా ఇప్పుడు."

మెకానిక్కు గోడకి ఆనుకుని నిలబడ్డాడు. టీచరమ్మ నెమ్మదిగా ఇటు తిరిగింది. ఎడమచెయ్యి బల్ల మీదికి వచ్చింది, బొత్తం వెతుక్కుంది.

"ఈసారి నేను 'ఆగాలి' అంటే ఆగాలి. పోయినసారి మీకు ముప్పై ఒకటి ఎందుకొచ్చిందో గుర్తుందా?"

"ఉందమ్మా, ఉంది. రైట్!"

లాంతరు మనిషి మొదటి అడుగులోనే పడ్డాడు. ఇద్దరి చేతులూ అలవాటు తప్పాయి. ఒకరి మీద ఒకరు నేరం మోపుకున్నారు. గంట గడిచింది, రెండు గడిచాయి. పధ్నాలుగో అంతస్తు. మూడో గంటలో బావ మొహం పాలిపోయింది, పిక్క పట్టేసింది, పళ్ళు బిగబట్టాడు. మీట మీంచి చెయ్యి తీశాడు. మెకానిక్కు చూస్తూనే ఉన్నాడు. వచ్చేసింది ఆ మాట, వచ్చేసింది అనుకున్నాడు.

"అమ్మా..." అన్నాడు బావ నర్సు వైపు తిరిగి. "ఇంక..."

నర్సు మెకానిక్కు వైపు చూసి, కాగితాల అట్ట తీసుకుని వచ్చింది.

టీచరమ్మ టీవీ మీంచి చూపు తిప్పలేదు. ఆవిడ నుదుటి మీదా చెమట ఉంది. "బస్సు మధ్యలో దిగిపోయే కండక్టర్ని నేనెక్కడా చూళ్ళేదు" అంది. "నేను దూకితే సరిపోదు, నడిపేవాళ్ళు కావాలి. వెళ్ళాలనుంటే వెళ్ళండి. వీణ్ణి మాత్రం ఈ మెట్టు దాటించి వెళ్ళండి."

బావ కళ్ళు మూసుకున్నాడు. తెరిచాడు. మెకానిక్కు వంగి ఆయన పిక్క పట్టుకుని నొక్కడం మొదలుపెట్టాడు.

"ఇదొక్క మెట్టే" అన్నాడు బావ. చెయ్యి మళ్ళీ మీట మీద వేశాడు. "తరవాత నన్నెవరూ ఆపొద్దు. రైట్."

ఆ మెట్టు దాటడానికి పదకొండుసార్లు పడ్డారు. దాటాక ఇంకో మెట్టు వచ్చింది. దాని గురించి ఇద్దరూ వాదించుకోవడం మొదలుపెట్టారు. నర్సు కాసేపు నిలబడి చూసి, అట్ట చంకలో పెట్టుకుని వెళ్ళిపోయింది. పిక్క వదులైంది. మెకానిక్కు లేచి బయట బెంచీ మీద కూర్చున్నాడు, ఒక్క నిమిషం నడుం వాల్చుదామని. తలుపు సందులోంచి "ఆగాలి, ఆగాలన్నానా!", "అదే చేస్తున్నా తల్లీ!" అని వినపడుతూనే ఉంది. ఏడాదిన్నరలో ఆ బెంచీ మీద అతను ఎప్పుడూ కన్ను మూయలేదు. లోపల్నుంచి ఆ మాట ఎప్పుడొస్తుందోనని చెవి అటే పడేసి ఉంచేవాడు.

ఎవరో భుజం తట్టారు. నర్సు.

"లేవండి. మెడ పట్టేస్తుంది."

ఉలిక్కిపడి లేచాడు. "సంతకమా? పెన్నేది?"

"సంతకం లేదు, ఏం లేదు. పదైంది. నాలుగు గంటలూ అయ్యాయి, ఇద్దరికీ. ఆయన మీకోసం చూస్తున్నారు, స్కూటరు తియ్యండి."

స్కూటరెక్కాక బావ వెనక నుంచి సణగడం మొదలుపెట్టాడు. ఇవాళ నూటికి ముప్పై ఎనిమిది వేసిందట. ఆవిడ బొత్తం నొక్కడం ఒక లిప్త ఆలస్యమట. ఒంటిచేతి ఆటలే నయమట. మెకానిక్కు ఈసారి ఊఁ కొట్టాడు కానీ ఏ పానా తియ్యలేదు.

గుమ్మంలో అక్క నిలబడి ఉంది. అడగనని చెప్పింది కాబట్టి అడగలేదు. అతనే ఎడమచెయ్యి ఎత్తి నాలుగు వేళ్ళు చూపించాడు. ఎల్లుండి మళ్ళీ పొద్దున్నే ఐదున్నరకి.

అంతేనండీ కథ. ఇంతసేపు ఓపిగ్గా విన్నారు, సంతోషం. మీకు తెలిసినవాళ్ళలో ఎవరైనా ఇలా ఆసుపత్రి బెంచీ మీద తోడు కూర్చునేవాళ్ళుంటే, వాళ్ళకి ఈ కథ ఒకసారి పంపించండి. పక్క కుర్చీలో గోడవైపు తిరిగి కూర్చున్నవాళ్ళుంటే వాళ్ళకి కూడా. ఉంటానండీ, మరి.